చేసిన పనికి రావలసిన సొమ్ము: పంచాయతీ సభ్యులు తెలిసికొనవలసిన విషయములు

గ్రామములో వీధికి సిమెంటు రోడ్డు వేయించుటకు పంచాయతీ తీర్మానించును. పని పట్టినవాడు ఇసుక, కంకర, సిమెంటు అప్పు తెచ్చి పని ముగించును. ప్రజలు ఆ రోడ్డుపై నడచుచుందురు. బిల్లు మాత్రము రాదు. అట్టివానికి న్యాయస్థానమున దారి కలదా? అందు పంచాయతీ కర్తవ్య మేమి?

ఈ ప్రశ్నలు మన ప్రాంతమునకు కొత్తవి కావు. జాతీయ గ్రామీణ ఉపాధి హామీ పథకము 2006 ఫిబ్రవరి 2న అనంతపురం జిల్లా బండ్లపల్లిలో ప్రారంభమైనది. 2022 ఏప్రిల్‌లో శ్రీ సత్యసాయి జిల్లా ఏర్పడువరకు రొద్దం మండలము కూడ ఆ జిల్లాలోనిదే. ఆ పథకపు వ్యయములో సామగ్రి భాగము 40 శాతము మించరాదని నియమముండెను. 2018-19లో జరిగిన పనుల సామగ్రి బిల్లులను, 2019లో ఏర్పడిన కొత్త ప్రభుత్వము విజిలెన్సు విచారణ జరుపవలెనని నిలిపివేసినది. పని చేసినవారు వందలాదిగా హైకోర్టునకు వెళ్లిరి. బకాయిలను 12 శాతము వడ్డీతో నాలుగు వారములలో చెల్లించవలెనని 2021 అక్టోబరులో హైకోర్టు ఆదేశించినది. తీర్పు పిమ్మటను కొందరు కోర్టుధిక్కార పిటిషన్లు వేయవలసివచ్చినది.

ఇందలి లెక్కను గమనింపుడు. 12 శాతమనగా నూటికి నెలకు రూపాయి వడ్డీ. 5 లక్షల బిల్లు రెండేండ్లు నిలిచినచో ప్రభుత్వముపై అదనముగా 1 లక్షా 20 వేలు పడును; అది ప్రజల సొమ్మే. పని చేసినవాడు రెండు రూపాయల వడ్డీకి అప్పు తెచ్చియుండినచో, అతడు కట్టవలసిన వడ్డీ 2 లక్షల 40 వేలు. కోర్టులో గెలిచినను వడ్డీలో సగము అతని నెత్తినే పడును. కావున ఆలస్యము ఉభయులకును నష్టమే.

ఇక చట్టమును గూర్చి నాలుగు విషయములు.

మొదటిది, ఒప్పందము. రాష్ట్ర ప్రభుత్వము చేసికొను ఒప్పందము గవర్నరు పేర ఉండి, అధికారము గలవాడు సంతకము చేసినదై యుండవలెనని రాజ్యాంగము 299వ అధికరణము చెప్పుచున్నది. నోటిమాట నమ్మి పని ప్రారంభింపరాదు.

రెండవది, ఒప్పందములో లోపమున్నను న్యాయము పూర్తిగా మూసికొనిపోదు. 1944లో బెంగాలులో ఒక కాంట్రాక్టరు పౌర సరఫరాల శాఖకు గిడ్డంగులు కట్టెను. ఒప్పందము విధ్యుక్తముగా లేదని ప్రభుత్వము వాదించెను. ఉచితముగా చేయు ఉద్దేశము లేక చేసిన పనివలన లాభము పొందినవారు ప్రతిఫలమీయవలెనని, 1872 నాటి కాంట్రాక్టు చట్టము 70వ సెక్షను ననుసరించి 1961లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది.

మూడవది, నోటీసు. ప్రభుత్వముపై దావా వేయుటకు ముందు, సివిల్ ప్రొసీజరు కోడు 80వ సెక్షను క్రింద ప్రభుత్వ కార్యదర్శికిగాని కలెక్టరుకుగాని వ్రాతమూలకముగా నోటీసిచ్చి సాధారణముగా రెండు నెలలు ఆగవలెను. పెక్కు తగాదాలు ఈ దశలోనే పరిష్కారము కాగలవు.

నాల్గవది, గడువు. చేసిన పని ప్రతిఫలమునకు దావా మూడేండ్లలోపల వేయవలెను. ఆ గడువులోపల బాకీని ఒప్పుకొనుచు అధికారి వ్రాసి సంతకము చేసినచో, ఆనాటినుండి గడువు మరల లెక్కింపబడును. "వచ్చేనెల చూతము" అను నోటిమాటకు అట్టి బలము లేదు.

బాకీ నిర్వివాదమైనపుడు హైకోర్టులో రిట్ పిటిషను ఫలించవచ్చును. కొలతలపైగాని నాణ్యతపైగాని తగాదా ఉన్నచో, సాక్ష్యము విచారించు సివిల్ కోర్టే సాధారణముగా తగిన చోటు.

దీనినిబట్టి సభ్యుల కర్తవ్యము స్పష్టము. పనికి ముందు తీర్మానము, అంచనా, మంజూరు ఉత్తరువు చూడవలెను. పని సాగుచుండగనే కొలతల పుస్తకములో కొలతలు ఎక్కించినదియు లేనిదియు విచారింపవలెను. పునాది పూడ్చిన పిమ్మట దాని లోతును కొలుచువారెవరు? నాణ్యతపై అనుమానమున్నచో అప్పుడే వ్రాతలో తెలుపవలెను. ప్రతి కాగితమునకు నకలు పంచాయతీ కార్యాలయమున భద్రపరచవలెను.

సర్పంచులు మారుదురు, ప్రభుత్వములు మారును. పుస్తకములో సరిగా వ్రాసిన కొలత మారదు. ఆ పుస్తకమే కష్టించినవానికి రక్ష, దొంగబిల్లుకు అడ్డుకట్ట.