మయోనైజ్ లేకుండా ట్యూనా సలాడ్

గుండె జబ్బు, రక్తపోటు, మధుమేహం ఉన్నవారికి డాక్టర్లు సాధారణంగా చెప్పే మాట: "నూనె తగ్గించండి, చేప తినండి." కాని ఇంటికి వెళ్ళాక అదే చేపను నూనెలో వేయించుకొని తింటే, చెప్పిన దానిలో సగమే పాటించినట్లు. నూనె చుక్క లేకుండా చేప తినే ఒక పద్ధతిని ఈసారి నేర్చుకుందాం.

ట్యూనా అంటే ఏ చేప?

విశాఖ తీరంలో దీనిని సూర చేప అంటారు. సొర వేరు, సూర వేరు. కొనేటప్పుడు అడిగి తీసుకోండి. 100 గ్రాముల ట్యూనాలో సుమారు 25 గ్రాముల మాంసకృత్తులు ఉంటాయి. కొవ్వు చాలా తక్కువ. ఆ కొద్ది కొవ్వులో కూడా గుండెకు మేలుచేసే ఒమేగా-3 ఉంటుంది.

మయోనైజ్ ఎందుకు వద్దు?

మయోనైజ్ అంటే గుడ్డు సొనలో నూనె పోసి గిలకొట్టినది. ఒక పెద్ద చెంచాలో సుమారు 10 గ్రాముల కొవ్వు, 90 కేలరీలు ఉంటాయి. నాలుగు చెంచాలు వేస్తే చేప తిన్న లాభం కంటే నూనె తిన్న నష్టమే ఎక్కువ. పచ్చి గుడ్డుతో చేసినదైతే సాల్మొనెల్లా క్రిముల భయం కూడా ఉంది. ఇటువంటి మయోనైజ్‌ను తెలంగాణ ప్రభుత్వం 2024 అక్టోబరులో ఏడాదిపాటు నిషేధించింది.

సలాడ్‌లో మయోనైజ్ చేసే పని ముక్కలను కలిపి ఉంచడం, కొంచెం పులుపు, కమ్మదనం ఇవ్వడం. ఆ పని గట్టి పెరుగు చక్కగా చేస్తుంది.

చేపతో పెరుగు తింటే బొల్లి వస్తుందా?

రాదు. చర్మానికి రంగునిచ్చే కణాలను శరీరంలోని రక్షణ వ్యవస్థే పొరపాటున నాశనం చేయడం వలన బొల్లి వస్తుంది. అది తిండి వలన వచ్చేది కాదు, అంటువ్యాధి కూడా కాదు. బెంగాలీలు పెరుగు వేసి చేపల కూర తరతరాలుగా వండుకుంటున్నారు. అయినా మనసొప్పనివారు పెరుగు మాని, నిమ్మరసం మాత్రమే పిండుకోవచ్చు.

కావలసినవి (నలుగురికి)

సూర చేప ముక్కలు 250 గ్రాములు, వెన్న తీసిన పాల పెరుగు 1 కప్పు, కీర దోసకాయ 1, చిన్న ఉల్లిపాయ 1, టమాట 1, నిమ్మకాయ సగం, మిరియాల పొడి అర చెంచా, ఆవపొడి చిటికెడు, పసుపు, కొత్తిమీర, ఉప్పు చిటికెడు.

తయారుచేయు విధానం

1. పెరుగును పలుచని గుడ్డలో మూటకట్టి, ఫ్రిజ్‌లో గిన్నెపై జల్లెడలో గంటసేపు ఉంచండి. నీరు కారిపోయి గట్టిపడుతుంది.
2. చేప ముక్కలకు పసుపు పట్టించి, ఇడ్లీ పాత్రలో 10-12 నిమిషాలు ఆవిరిపై ఉడికించండి. వేలితో నొక్కితే పొరలుగా విడిపోవాలి. చల్లారాక చర్మం, ముళ్ళు తీసి చిదపండి.
3. కీరలోని గింజల భాగం తీసివేయండి. లేకపోతే నీరు ఊరుతుంది. కూరగాయలన్నీ సన్నగా తరగండి.
4. పెరుగులో ఆవపొడి, మిరియాల పొడి, నిమ్మరసం కలిపి, చేప, కూరగాయలు వేసి మెల్లగా కలపండి. ఉప్పు తినే ముందే వేయండి.

డబ్బా ట్యూనా వాడితే నీటిలో నిల్వచేసినది కొనండి. అది ముందే ఉడికినదే. నీరు వంపి, ఒకసారి కడిగితే ఉప్పు కొంత తగ్గుతుంది.

జాగ్రత్తలు

* ఐసులో ఉంచిన తాజా చేపనే కొనండి. ఎండలో ఉన్న సూరలో హిస్టమిన్ అనే పదార్థం పెరుగుతుంది. వండినా అది పోదు. తిన్న కొద్దిసేపటికే ముఖం ఎర్రబడడం, దద్దుర్లు, తలనొప్పి, గుండెదడ కలిగితే వెంటనే ఆసుపత్రికి రండి.
* చేసిన సలాడ్‌ను రెండు గంటలకు మించి బయట ఉంచవద్దు. ఆదివారం ఆరాధన తరువాత తినడానికి ఉదయమే డబ్బాలో కట్టి తీసుకువెళ్ళవద్దు.
* పెద్ద సూర చేపలలో పాదరసం ఉంటుంది. గర్భిణులు, పాలిచ్చే తల్లులు, చిన్నపిల్లలు వారానికి ఒకసారికి మించి తినరాదు.
* మూత్రపిండాల జబ్బు, గౌట్ ఉన్నవారు డాక్టరును అడిగిన తరువాతే తినాలి.

రాత్రి రెండు పుల్కాలతో ఈ సలాడ్ ఒక కప్పు తింటే కడుపు నిండుతుంది. రోగికి వేరుగా, ఇంటివారికి వేరుగా వండే పని కూడా తప్పుతుంది. అందరూ ఒకే గిన్నెలోనిది తినవచ్చు.