నగానో ఇంట్లో ఒక పూట

జపాన్ దేశంలో నగానో అనే కొండ ప్రాంతం ఉంది. ఊళ్లు చూడటానికి వచ్చినవాళ్లు కొందరు అక్కడ రైతుల ఇళ్లలోనే దిగుతారు. ఇంటివాళ్లతో కలిసి వండుతారు. కలిసి తింటారు.

ఆ పూట వంట అన్నం, కూర, ఊరగాయ, మిసో చారు. మిసో అంటే సోయా గింజల ముద్ద. ఉడికించిన గింజల్లో ఉప్పు, బూజు పట్టించిన బియ్యం కలిపి నెలల తరబడి ఊరబెడతారు.

"ముల్లంగి, క్యారెట్, ఉల్లికాడలు బాగా వెయ్యమ్మా" అంటుంది ఇంటావిడ. ముక్కలు ఉడికాక మంట తగ్గిస్తుంది. చివర్లో కొంచెం మిసో కలుపుతుంది.

"ఇంత కొంచెమేనా అండీ?" అని అతిథి అడుగుతుంది.

"ముక్కలు ఎక్కువ, ఉప్పు తక్కువ. మా అమ్మలు నేర్చుకున్న పాఠం ఇది!"

ఏమిటా పాఠం? వెనుక అక్కడివాళ్లు ఉప్పు చాలా తినేవారు. చలికాలానికి ఆకుకూరలు ఉప్పులో ఊరవేసుకునేవారు. రక్తపోటు పెరిగేది. పక్షవాతంతో చాలామంది చనిపోయేవారు. 1981లో ఉప్పు తగ్గించే ఉద్యమం మొదలైంది. ఊరి ఆడవాళ్లే ఇల్లిల్లూ తిరిగారు. చారులో ఉప్పు ఎంతుందో కొలిచి చూపించారు. 2010 లెక్కల్లో నగానో ఆడవాళ్లూ, మగవాళ్లూ ఆయుష్షులో దేశంలోనే మొదట నిలిచారు.

తినేముందు అందరూ చేతులు జోడించి "ఇతదకిమసు" అంటారు. 'స్వీకరిస్తున్నాను' అని అర్థం. వండిన ఆవిడ కూడా అందరితోనే కూర్చుని తింటుంది.

పెద్దవాళ్లకు రోజుకు ఉప్పు 5 గ్రాములు మించకూడదు. అంటే ఒక చిన్న చెంచాడు. ఊరగాయలో ఉప్పు కూడా అందులోదే. ఐదుగురు పెద్దవాళ్లున్న ఇంట్లో కిలో ఉప్పు 40 రోజులు రావాలి.

మీ ఇంట్లో ఎన్ని రోజులు వస్తోంది? పొట్లం విప్పిన తేదీ గోడ మీద రాసి చూడండి.