పాత ఆట చెరిపే హక్కు ఎవరిది?

ప్రశ్న: మా తమ్ముడు అమెరికాలో స్థిరపడ్డాడు. మొన్న సెలవులకు వచ్చినప్పుడు తన చిన్నప్పటి గేమ్ బాయ్ అడ్వాన్స్ ఎస్పీ, దాంతోపాటు పోకెమాన్ ఫైర్‌రెడ్ కార్ట్రిడ్జ్ మా బాబుకి ఇచ్చి వెళ్లాడు. బాబుకి తొమ్మిదేళ్లు. మొదటి నుంచి ఆడతానంటున్నాడు. కొత్త ఆట మొదలవుతుంది గానీ, సేవ్ చేయబోతే పాత ఆట మొత్తం పోతుందని హెచ్చరిక వస్తోంది. తమ్ముడికి ఫోన్ చేస్తే, "పోనీలే అక్కా, చెరిపేయండి, వాడికంటే ఎక్కువా" అన్నాడు. అనే ముందు మాత్రం కాసేపు ఏమీ మాట్లాడలేదు. మావారేమో ఇరవై ఏళ్ల నాటి ఆటకి ఇంత పంచాయితీ ఏమిటంటున్నారు. ఏం చేయమంటారు?
— ఒక అక్క, హనుమకొండ

జవాబు: ముందు మీకు ధైర్యం చెప్పే మాట. బాబు కొత్త ఆట మొదలుపెట్టినంత మాత్రాన మీ తమ్ముడి ఆట పోలేదు. సేవ్ చేసే చోట హెచ్చరికకు 'అవును' అని ఒప్పుకున్నప్పుడే పోతుంది. అప్పటిదాకా ఎన్నిసార్లు ఆపి మళ్లీ వేసినా పాతది అలాగే ఉంటుంది. మొదటి తెర మీద పై బాణం, సెలెక్ట్, బి మీటలు మూడూ కలిపి నొక్కితే మొత్తం చెరపమంటారా అని ఆట అడుగుతుంది. అక్కడ 'అవును' నొక్కకూడదని బాబుకి చెప్పి ఉంచండి. ఇక అసలు సంగతి. కొత్తగా మొదలుపెట్టడం ఒక పని, పాతది చెరపడం ఇంకొక పని. ఈ కార్ట్రిడ్జ్‌లో సేవ్ ఒక్కటే పడుతుంది కాబట్టి రెండూ ఒకే పనిలా కనిపిస్తున్నాయి. మొదటిదానికి మీ బాబుకి పూర్తి హక్కుంది. రెండోదానికి ఆ ఆట ఆడినవాడికి తప్ప ఇంకెవరికీ లేదు, కార్ట్రిడ్జ్ ఇప్పుడు ఎవరి చేతిలో ఉన్నా సరే. ఈ రెండింటినీ వీలైనంత దూరం విడదీయడమే మీరు చేయాల్సింది.

ఇది నేను కల్పిస్తున్న నియమం కాదు, ఆట నిర్మాణంలోనే ఉంది. 1986లో వచ్చిన జెల్డా ఆటలోనే ముగ్గురు తమ తమ పేర్లతో విడివిడిగా ఆడుకునే వీలుంది. పదేళ్ల తర్వాత 1996లో జపాన్‌లో వచ్చిన పోకెమాన్ రెడ్, గ్రీన్‌లలో ఒక్కరికే చోటు. దాన్నే 2004లో కొత్తగా తీర్చి ఫైర్‌రెడ్‌గా తెచ్చినప్పుడూ అదే పద్ధతి. ఆట మొదలవగానే ఆటగాడి పేరుకి ఒక గుర్తింపు సంఖ్య జతవుతుంది. అతను పట్టిన ప్రతి పోకెమాన్ మీదా ఆ పేరు, ఆ సంఖ్య పడతాయి. దాన్ని కేబుల్ ద్వారా ఇంకొకరికి ఇచ్చినా మొదటి యజమాని పేరు చెరగదు. అంతేకాదు, అలా వచ్చిన బలమైన పోకెమాన్, కొత్త యజమాని తగినన్ని బ్యాడ్జ్‌లు గెలిచేదాకా అతని మాట వినదు. వస్తువు చేతులు మారినంత మాత్రాన ఆడినవాడి సంబంధం తెగదని ఆట తయారుచేసినవాళ్లే నియమం రాసిపెట్టారు. మీ తమ్ముడు కార్ట్రిడ్జ్ ఇచ్చాడు. అందులోని ఆటను ఇచ్చినట్టా కాదా అన్నది అతన్నే విడిగా అడగాల్సిన ప్రశ్న.

మీవారి అభ్యంతరం తోసేయదగ్గది కాదు. ఆ సేవ్ మొత్తం 128 కిలోబైట్ల ఫ్లాష్ మెమరీలో ఇమిడిపోతుంది, ఇప్పటి ఫోన్‌లో తీసే ఒక్క ఫోటో దానికన్నా పెద్దది. దానికింత ఆలోచన అవసరమా అనిపించడం సహజమే. కానీ ఆ కాస్త చోటులో ఏముందో ఒకసారి చూడండి. బల్బసార్, చార్మాండర్, స్క్వర్టిల్ మూడింట్లో మీ తమ్ముడు తన మొదటి తోడుగా ఏది ఎంచుకున్నాడో ఉంది. ముప్ఫై చొప్పున పద్నాలుగు పెట్టెల్లో, అంటే 420 గళ్లలో, దేన్ని దాచుకున్నాడో, దేనికి ఇంట్లోవాళ్ల పేరు పెట్టుకున్నాడో ఉంది. 'కంటిన్యూ' దగ్గర ఆగితే పేరు, ఆడిన సమయం, గెలిచిన బ్యాడ్జ్‌లు కనిపిస్తాయి. ఫైర్‌రెడ్‌లో ఇంకో విశేషం కూడా ఉంది. పాత ఆట తెరవగానే, ఆపేముందు ఆటగాడు చేసిన చివరి పనుల్లో కొన్నింటిని అదే వరసలో మళ్లీ ఆడి చూపిస్తుంది. చిన్నప్పుడు మీ తమ్ముడు ఆ రోజు ఎక్కడికి వెళ్లాడో, ఎవరితో తలపడ్డాడో తెర మీద కదులుతుంది. ఫోటోలో పిల్లాడి ముఖం ఉంటుంది, ఇక్కడ అతను చేసిన నిర్ణయాలున్నాయి. ఇలాంటి ఆధారం బాల్యం నుంచి మనలో చాలామందికి మిగలదు.

చదువుకున్నవాళ్లు దీనికి ఇంకో అభ్యంతరం చెబుతారు. పెట్టిన ఖర్చు చూసి దేన్నైనా పట్టుకు వేలాడటం బుద్ధి పొరపాటని మనస్తత్వ శాస్త్రం ఎప్పుడో తేల్చిందని అంటారు. నిజమే. ఆర్క్స్, బ్లూమర్ 1985లో ప్రచురించిన పరిశోధనలో, ఒహాయో విశ్వవిద్యాలయ నాటకశాలకు పూర్తి ధర పెట్టి సీజన్ టికెట్ కొన్నవాళ్లు, తగ్గింపు ధరకు దొరికినవాళ్లకన్నా సీజన్ మొదటి సగంలో ఎక్కువ నాటకాలకు వచ్చారు. డబ్బు పెట్టాం కదా అని వచ్చారన్నమాట. కానీ అక్కడ పొరపాటు ఏమిటి? పోయిన ఖర్చు కోసం ఇకముందు కాలాన్ని కూడా వెచ్చించడం. మీ తమ్ముడు పాత ఆట కొనసాగించాలనుకోవడం లేదు, దాని మీద ఇంకొక్క గంట కూడా పెట్టబోవడం లేదు. 1990లో కానమన్, నెచ్, థాలర్ కాఫీ కప్పులతో చేసిన ప్రయోగాలు మరో పక్క చూపిస్తాయి. కప్పు చేతికి వచ్చినవాళ్లు దాన్ని అమ్మడానికి అడిగిన ధర, కొనేవాళ్లు ఇస్తామన్నదానికి సుమారు రెట్టింపు. మనదనుకోగానే విలువ పెంచుకుంటామని దాని సారం. అయితే కప్పు పోతే అలాంటిదే ఇంకోటి బజార్లో దొరుకుతుంది కాబట్టే ఆ పెంపు వింతగా తోచింది. ఈ సేవ్‌కి ప్రతి లేదు, బజార్లో దొరకదు. ఆ ప్రయోగాలు దీనికి వర్తించవు.

ఇక మీ తమ్ముడి 'పోనీలే'. మన ఇళ్లలో మేనల్లుడు అడిగినదాన్ని మేనమామ కాదనడం కష్టం, అక్క నోటి ద్వారా అడిగితే మరీ కష్టం. అలా వచ్చిన ఒప్పుకోలు మర్యాదే గానీ అనుమతి కాదు. మీరు ఆ మౌనం విన్నారు కాబట్టే ఈ ఉత్తరం రాశారు. అందుకని ప్రశ్న మార్చి అడగండి. "చెరపమంటావా?" అంటే అతను మళ్లీ అదే చెబుతాడు. "చెరిపే ముందు ఇందులో ఏం దాచమంటావు?" అని అడగండి. అతను తీరిగ్గా ఉన్న రోజు చూసి వీడియో కాల్ చేసి, పాత ఆట తెరిచి చూపించండి. తెరిచి చూడటం వల్ల నష్టం లేదు, సేవ్ చేయకుండా ఆపేస్తే చాలు. చూశాక కూడా హాయిగా 'చెరిపేయండి' అంటే అప్పుడది అతని నిర్ణయం. నిశ్చింతగా చెరపండి.

మరి పాత ఆటలోంచే బాబుని ఆడుకోమనొచ్చు కదా అని కొందరంటారు. అది వాడికి అన్యాయం. ఈ ఆటలో సారమంతా మొదట్లోనే ఉంది. మొదటి తోడును ఎంచుకోవడం, చేతిలో ఉన్న కాసిని బంతులతోనే అడవి దాటడం, ఓడి మళ్లీ రావడం. గెలుపులన్నీ అయిపోయిన మేనమామ ఆటను చేతికిస్తే వాడు అందులో ప్రేక్షకుడే అవుతాడు. అందుకే 'చెరపొద్దు' అని నేను అనడం లేదు. దాచి, అడిగి, ఆ తర్వాత చెరపమంటున్నాను.

దాచే దారులు మూడున్నాయి. మొదటిది, కార్ట్రిడ్జ్‌లోని సేవ్‌ను కంప్యూటర్‌లోకి ఫైలుగా తీసే రీడర్ పరికరం. ఆ ఫైలుని తర్వాత ఎప్పుడైనా తిరిగి ఎక్కించుకోవచ్చు కాబట్టి ఇదే అన్నిటికన్నా మంచిది. పాత ఆటలు సేకరించేవాళ్ల దగ్గర ఇది దొరుకుతుంది. మీ తమ్ముడే ఒకటి కొని తెచ్చుకునేదాకా ఆగినా నష్టం లేదు, ఫైర్‌రెడ్ సేవ్ బ్యాటరీ మీద ఆధారపడింది కాదు. రెండోది, ఇష్టమైన పోకెమాన్‌లను బయటికి పంపడం. ఇంకో ఫైర్‌రెడ్ గానీ లీఫ్‌గ్రీన్ గానీ ఉంటే రెండు గేమ్ బాయ్‌లు, కేబుల్ పెట్టి ఒకటికి ఒకటి మార్చుకోవచ్చు. పాత నింటెండో డీఎస్ లేదా డీఎస్ లైట్‌లో పోకెమాన్ డైమండ్ ఆట కథ ముగించి, జాతీయ పోకెడెక్స్ అనే జాబితా అందుకున్నవాళ్లుంటే అందులోని పాల్ పార్క్‌కి రోజుకి ఆరు చొప్పున తరలించవచ్చు. అది ఒకవైపు దారి, వెనక్కి తేలేం. మూడోది, బాబుకి వేరే కార్ట్రిడ్జ్ కొనడం. నకిలీలు విపరీతంగా ఉన్నాయి, వాటిలో చాలావాటికి సేవ్ నిలవదు. కొనేముందు ఒకసారి సేవ్ చేయించి, ఆపి, మళ్లీ తెరిపించి చూడండి.

ప్రశ్న: మావాడు ఇంటర్ మొదటి సంవత్సరం. పుస్తకం పక్కన పెట్టి నింటెండో స్విచ్‌లో పోకెమాన్ స్వోర్డ్ ఆడుతుంటాడు. "ఈసారి మార్కులు తగ్గితే నీ ఆట మొత్తం డిలీట్ చేస్తా" అన్నాను. తగ్గాయి. ఇప్పుడు చేయకపోతే నా మాటకు విలువుంటుందా?
— ఒక తండ్రి, విజయవాడ

జవాబు: మీ ఆందోళన న్యాయమైనదే, ఎంచుకున్న శిక్ష మాత్రం గురి తప్పింది. మార్కులు పెరగాలంటే మీరు అదుపు చేయాల్సింది వాడు ఇకముందు ఆడబోయే గంటలను. డిలీట్ చేస్తే పోయేది ఇప్పటికే ఆడేసిన గంటల ఫలితం. ఆ గంటలు చదువుకి తిరిగి రావు. పైగా పోయినదంతా మళ్లీ సంపాదించుకోవాలంటే వాడు ఇంకా ఎక్కువ ఆడాలి. అంటే ఈ శిక్ష, మీరు తగ్గించాలనుకున్నదాన్నే పెంచే కారణం వాడి చేతికిస్తుంది. ఇంకో సంగతి కూడా గమనించండి. స్వోర్డ్ ఆటకి నింటెండో క్లౌడ్‌లో సేవ్ దాచే సౌకర్యం లేదు. సెట్టింగ్స్‌లోని డేటా మేనేజ్‌మెంట్‌కి వెళ్లి తీసేస్తే పూర్తిగా పోతుంది. తప్పు సరిదిద్దుకున్న రోజున ముగిసేదే మంచి శిక్ష. ఇది ముగియదు. వచ్చే పరీక్షలో మంచి మార్కులు తెచ్చినా మీరు వాడికి దాన్ని తిరిగి ఇవ్వలేరు.

కఠినంగా లేకపోతే పిల్లలు లెక్కచేయరన్నది మీ భయం. కఠినంగానే ఉండండి, కానీ కాలం విషయంలో. నింటెండో పేరెంటల్ కంట్రోల్స్ యాప్ ఫోన్‌లో పెట్టుకుంటే రోజుకి ఎంతసేపో మీరే నిర్ణయించవచ్చు, సమయం దాటితే ఆట ఆగిపోయేలా చేయవచ్చు. పరీక్షలయ్యేదాకా స్విచ్‌ను బీరువాలో పెట్టి తాళం వేసినా తప్పు లేదు. పరికరం మీరు కొన్నది, ఇంట్లో సమయం మీ అదుపులో ఉండాల్సింది. ఆ ఆటలో వాడు చేసుకున్నది మాత్రం వాడిది. మాట విలువ గురించి అడిగారు కనుక చెబుతున్నాను. వాడిని కూర్చోబెట్టి, "శిక్ష ఉంటుంది, కానీ అది నీ సమయానికి, నువ్వు కట్టుకున్నదానికి కాదు" అని సూటిగా చెప్పండి. ఆలోచించి మార్చుకున్న మాటకు, కోపంలో నిలబెట్టుకున్న మాటకన్నా పదహారేళ్ల పిల్లాడు ఎక్కువ గౌరవమిస్తాడు.

ప్రశ్న: నా దగ్గర చిన్నప్పటి పోకెమాన్ సిల్వర్ ఉంది. ఏళ్లుగా ముట్టుకోలేదు. మొదటి నుంచి ఆడాలనుంది గానీ పాతది చెరపడానికి చేయి రావడం లేదు. ఇది మరీ చాదస్తమా?
— ఒక పాఠకురాలు, బెంగళూరు

జవాబు: చాదస్తం కాదు. ఇది మీ ఆట, మీ నిర్ణయం, ఇంకెవరి అనుమతీ అక్కర్లేదు. కొత్తగా మొదలుపెట్టడంలో తక్కువతనం ఏమీ లేదు. 2010 నుంచి ప్రచారంలోకి వచ్చిన నజ్‌లాక్ పద్ధతి చూడండి. ప్రతి ప్రాంతంలో మొదట ఎదురైన పోకెమాన్‌నే పట్టాలి, అది పోరాటంలో పడిపోతే శాశ్వతంగా వదులుకోవాలి. ఆడినవాళ్లు కావాలనే మళ్లీ మొదటికి వచ్చి, కావాలనే పోగొట్టుకునే దారి పెట్టుకున్నారు. పోగేసుకున్నదాంట్లోనే కాదు, కొత్తగా ఎంచుకోవడంలోనూ ఆనందం ఉందనడానికి అదే రుజువు.

కానీ మీ విషయంలో ఒక తొందర ఉంది. 1999లో జపాన్‌లో వచ్చిన గోల్డ్, సిల్వర్ కార్ట్రిడ్జ్‌లలో సేవ్ నిలబడేది లోపలి బిళ్ల బ్యాటరీ మీద. ఆ ఆటలో పగలు, రాత్రి నడిపే గడియారం కూడా అదే బ్యాటరీని వాడుకుంటుంది కాబట్టి అది త్వరగా అయిపోతుంది. అయిపోయిన రోజు సేవ్ దానంతటదే పోతుంది. జాగ్రత్త తీసుకోకుండా బ్యాటరీ మార్చినా పోతుంది. మీరు చెరపకుండా ఆగినంత మాత్రాన అది భద్రంగా ఉంటుందనుకోకండి, ఏమీ చేయకపోవడం కూడా ఇక్కడ చెరపడమే కావచ్చు. ఈ కార్ట్రిడ్జ్ నుంచి తర్వాతి తరం ఆటల్లోకి దారి లేదు. గోల్డ్, సిల్వర్, క్రిస్టల్, లేదా పాత రెడ్, బ్లూ, యెల్లో ఉన్న మనిషితో పోకెమాన్‌లను మార్చుకోవచ్చు, లేదంటే రీడర్‌తో ఫైలుగా తీసి పెట్టుకోవచ్చు. ముందు తెరిచి చూడండి. సేవ్ ఇంకా ఉంటే ఈ నెలలోనే దాచే ఏర్పాటు చేసి, కొత్త బ్యాటరీ వేయించి, ఆ తర్వాత నిశ్చింతగా మొదటి నుంచి ఆడండి.