మగశిశువునకు చిన్న పేరు

నేటి తలిదండ్రులు మగశిశువునకు రెండు మూడక్షరముల పేరు కోరుచున్నారు. హబ్సిగూడలో ఈ కోరికకు కారణము లేకపోలేదు. భూభౌతిక పరిశోధన సంస్థ వంటి వాని వలన పలు రాష్ట్రములవారు అచట కలిసి నివసించుచున్నారు. అందరి నోటను తిరుగు పేరు కావలెను. తాతగారికో, తమ తండ్రి పేరు నిలువవలెను. 'బసవలింగేశ్వరరావు' అని ఆయన, 'ఋత్విక్' అని కోడలు. లింగధారణ నాటికి ఇల్లు రెండు పక్షములగుట కద్దు.

తాతగారి పట్టుదలను చాదస్తమని త్రోసివేయరాదు. పేరులో జ్ఞాపకముండును. హబ్సీలనగా అబిసీనియా దేశస్థులు. ఆ మాట హబ్సిగూడ పేరులో నేటికిని నిలిచియున్నది. ఇక ఋత్విక్కనగా యజ్ఞము చేయించు పురోహితుడు. యజ్ఞకర్మను కాదని ఇష్టలింగమును అరచేత నుంచుకొనుమన్న బసవేశ్వరుని అనుయాయుల యింట ఆ పేరు పొసగునా? 'భవ్' అను పేరును వినబడుచున్నది. భవుడు శివుడే, కాని భవమనగా సంసారము, 'భవి' యనగా లింగధారి కానివాడు. 'ఈశాన' శబ్దమున దోషము లేదు. ఇంగ్లీషు అక్షరములను చూచి దానిని 'ఇషాన్' అని వ్రాయుటయే దోషము.

కోడలి కోరికయు న్యాయమే. చిన్న పేరు వీరశైవులకు క్రొత్త కాదు. 12వ శతాబ్దమున కల్యాణపు అనుభవమంటపమున అల్లమ యుండెను. బసవ శబ్దమే సంస్కృత 'వృషభ'మునుండి వచ్చినది. ప్రాకృతమున 'వసహ' యై, జనుల నాలుకపై నునుపెక్కి 'బసవ' యైనది. పాల్కురికి సోమనాథుడు తన ద్విపద పురాణమునకు ఆ మాటనే పేరుగా నిలిపెను. తెలుగు అజంత భాష. శివ, హర, రుద్ర, శర్వ, భర్గ, అల్లమ, బసవ: వీని తోక కత్తిరింప నక్కరలేదు. 'రుద్ర్' అని పిలుచుట అవ్వకే కాదు, మాటలు నేర్చు బిడ్డకును కష్టము. తాతగారు కోరిన పేరునకు తల 'బసవ'. కోడలు కోరిన మూడక్షరములును అవియే.

తొందరపడ నక్కరలేదు. జననమును 21 దినములలో నమోదు చేయింపవలెను గాని, పేరును ఏడాదిలోపల రుసుము లేకుండ చేర్పింపవచ్చును; ఆపైన 15 ఏండ్లవరకు ఆలస్య రుసుముండును. 2023 అక్టోబరు 1 మొదలు పుట్టినవారికి బడిలో చేర్చుటకును జననపత్రమే ఆధారము. కనుక తెలుగు వ్రాతయు ఇంగ్లీషు వ్రాతయు ఒక కాగితముపై వ్రాసికొని, ఇంటివారందరు చూచిన పిమ్మట కార్యాలయమునకు పోవుట మేలు.