ఒక్క కుర్చీ ఉన్న ఉద్యోగం

ఫుట్‌బాల్ జట్టులో పది మందికి చోటు మారే వీలుంటుంది. కుడివైపు ఆడేవాణ్ణి ఎడమకి పంపొచ్చు, వెనక ఉన్నవాణ్ణి కాస్త ముందుకి జరపొచ్చు, చివరి అరగంటకైనా బెంచీ మీంచి దింపొచ్చు. గోల్‌కీపర్‌కి ఆ వెసులుబాటు లేదు. చోటు ఒక్కటే. అందులో ఉన్నవాడికి దెబ్బ తగలాలి, ఆట పాడవ్వాలి, లేదా ఇంకో క్లబ్బుకి వెళ్లిపోవాలి. అప్పుడుగానీ రెండోవాడికి పిలుపు రాదు.

మన దగ్గరా ఇలాంటి ఉద్యోగాలు బోలెడు. బడిలో పీఈటీ ఒక్కరే. కాలేజీలో లైబ్రేరియన్ ఒక్కరే. చిన్న ఆస్పత్రిలో ఎక్స్‌రే తీసే మనిషి ఒక్కరే. ఆ కుర్చీ ఖాళీ అయ్యేదాకా కాంట్రాక్టు మీదో, అవుట్‌సోర్సింగ్ మీదో, ‘గెస్ట్’ అన్న పేరుతోనో పక్కన నిలబడేవాళ్లు ఎందరో. నేనూ ఒక జూనియర్ కాలేజీలో నాలుగేళ్లు గెస్ట్ లెక్చరర్‌గా నిలబడ్డాను. ప్రతి జూన్‌లో “ఈ ఏడు చూద్దాం మాస్టారూ” అనేవారు. ఆ మాట నమ్మి నాలుగేళ్లలో ఇంకో దరఖాస్తు పెట్టలేదు, ఇంకో పరీక్ష రాయలేదు. ఐదో జూన్‌లో ఆ మాట కూడా అనలేదు. అలా నిలబడి ఉన్నవాళ్ల కోసమే ఇది రాస్తున్నాను.

ఇంగ్లండ్ ఫుట్‌బాల్‌లో పై నాలుగు డివిజన్లలో కలిపి 92 క్లబ్బులు. అంటే ఒక రోజున ఆ నాలుగు డివిజన్లలో గోల్ ముందు నిలబడే కుర్చీలు 92 మాత్రమే. ప్రతి క్లబ్బులో ఇద్దరో ముగ్గురో కీపర్లుంటారు. పైన పెద్ద డబ్బు ఉంది. కింద మూడో, నాలుగో డివిజన్లలో ఏడాదికో రెండేళ్లకో కాంట్రాక్టు, ఊరు మార్పు, మళ్లీ ఏడాది. ఆ బతుకు దగ్గర్నుంచి చూస్తే మనకి పనికొచ్చే సంగతులు చాలా ఉన్నాయి. దేశానికి వాయవ్య మూలన ఉన్న కంబ్రియా అనే ఒక్క ప్రాంతంతో ముడిపడ్డ ముగ్గురు కీపర్ల కథ చాలు.

మొదట జిమ్మీ గ్లాస్. 1999 మే 8. నాలుగో డివిజన్ సీజన్‌కి ఆఖరి రోజు. కంబ్రియాలోని కార్లైల్ యునైటెడ్ క్లబ్బు 1928 నుంచి లీగ్‌లో ఉంది. ఆ మ్యాచ్ గెలవకపోతే లీగ్ నుంచి పడిపోతుంది. ఆ క్లబ్బుకి అప్పుడు సొంత కీపర్ లేడు. ఉన్నవాణ్ణి అమ్మేశారు, అరువు తెచ్చుకున్నవాణ్ణి అతని సొంత క్లబ్బు వెనక్కి పిలిచేసింది. ఆటగాళ్లను మార్చుకునే గడువు కూడా దాటిపోయింది. ప్రత్యేక అనుమతి తీసుకుని స్విండన్ నుంచి గ్లాస్‌ని లోన్ మీద తెచ్చారు. అతను ఆ జట్టుకి ఆడింది మొత్తం మూడు మ్యాచ్‌లు. అది మూడోది. ప్లిమత్ ఆర్గైల్‌తో స్కోరు 1-1. తొంభై నిమిషాలు అయిపోయి అదనపు సమయం నడుస్తోంది. కార్నర్ దొరికింది. గ్లాస్ తన గోల్ ఖాళీగా వదిలి మైదానం ఆ చివరకి పరుగెత్తాడు. తలతో కొట్టిన బంతిని ప్లిమత్ కీపర్ చేత్తో నెట్టాడు. అది వచ్చి గ్లాస్ కుడికాలి ముందు పడింది. కొట్టాడు. గోల్. జనం గోడలు దాటి మైదానంలోకి దూకేశారు. కార్లైల్ నిలిచింది, దాని బదులు స్కార్‌బరో క్లబ్బు పడిపోయింది.

ఇంగ్లండ్‌లో ఆ గోల్ ఇప్పటికీ చూపిస్తారు. నేను మిమ్మల్ని చూడమనేది దాని తర్వాతి ఏడాదిని. కార్లైల్‌లో అతనికి పర్మనెంట్ కాంట్రాక్టు కుదరలేదు. లోన్ ముగిసింది, స్విండన్‌కి తిరిగి వెళ్లాడు. అక్కణ్ణుంచి కొన్ని చిన్న క్లబ్బులు, కొద్ది మ్యాచ్‌లు. 27 ఏళ్లకే పూర్తికాలపు ఆట ముగిసింది. ఆ తర్వాత కంప్యూటర్లు అమ్మే ఉద్యోగం చేశాడు, డార్సెట్‌లో టాక్సీ నడిపాడు. ఒక ఊరి క్లబ్బుని డెబ్బై ఏళ్ల చరిత్రతో సహా కాపాడినవాడికి వచ్చిన ఉద్యోగ భద్రత ఇంతే.

ఇది చదివి నిరాశపడమని చెప్పడం లేదు. ఒక్క గొప్ప రోజు మీద ఇల్లు కట్టుకోవద్దని చెబుతున్నాను. మీ ఆఫీసులో ఆడిట్ రోజు రాత్రంతా కూర్చుని లెక్కలు సరిచేసి ఉంటారు. వరదల్లో సబ్‌స్టేషన్ వదలకుండా కాసి ఉంటారు. పై అధికారి భుజం తట్టి ఉంటాడు. ఆ భుజం తట్టడాన్ని నమ్మి బైక్‌కి ఈఎమ్‌ఐ పెట్టుకోవద్దు. చేయాల్సింది ఒకటే. ఆ వారంలోనే, వేడి చల్లారకముందే, చేసిన పని గురించి నాలుగు వాక్యాల కాగితం రాయించుకోండి. లెటర్‌హెడ్ మీద అయితే మరీ మంచిది, కనీసం ఈమెయిల్ అయినా సరే. అధికారి బదిలీ అయిపోతాడు. కొత్తగా వచ్చినవాడు ఫైలు చూస్తాడు, ఫైల్లో లేనిది జరగనట్టే లెక్క.

రెండోవాడు జాన్ బరిడ్జ్. కంబ్రియాలోనే వర్కింగ్‌టన్‌లో పుట్టాడు, ఆ ఊరి క్లబ్బులోనే, నాలుగో డివిజన్‌లో, 1969లో మొదలుపెట్టాడు. తర్వాత దాదాపు మూడు దశాబ్దాల పాటు తిరుగుతూనే ఉన్నాడు. మొత్తం 29 క్లబ్బులు, 771 లీగ్ మ్యాచ్‌లు. పైకీ వెళ్లాడు, కిందకీ వచ్చాడు, ఎవరికి కీపర్ కావాలంటే వాళ్ల దగ్గరికి వెళ్లాడు. 1995లో మాంచెస్టర్ సిటీలో ఒక మ్యాచ్ సగంలో మొదటి కీపర్ ఆగిపోతే ఇతను లోపలికి వెళ్లాడు. ఆ సీజన్ చివరి మ్యాచ్ నాటికి వయసు 43 ఏళ్ల 162 రోజులు. ఇంగ్లండ్ పై డివిజన్ అయిన ప్రీమియర్ లీగ్‌లో అంత వయసులో ఆడినవాడు ఇంకొకడు లేడు.

అతని సాధన గురించి ఇంగ్లండ్‌లో కథలు కథలుగా చెబుతారు. ఇంట్లో టీవీ చూస్తూ కూర్చుంటే భార్య చెప్పాపెట్టకుండా పళ్లు విసరాలి, అతను పట్టుకోవాలి. మ్యాచ్‌కి ముందు మైదానంలో పిల్లిమొగ్గలు వేసి, చేతుల మీద నడిచేవాడు. జనం నవ్వుకున్నారు. నాకు అందులో పనితనం కనిపిస్తుంది. బెంచీ మీద కూర్చునేవాడికి పిలుపు ఎప్పుడొస్తుందో తెలీదు. వచ్చినప్పుడు ఒళ్లు వేడెక్కించుకునే టైమ్ ఉండదు. ముప్పై వారాలు ఖాళీగా కూర్చున్నా ముప్పై ఒకటో వారం మొదటి బంతే గోల్‌లోకి రావొచ్చు. మీ పనిలో ఆ పళ్లు విసిరే సాధన ఏదో మీరే వెతుక్కోవాలి. స్టెనో పోస్టు కోసం చూసేవాళ్లకి రోజూ అరగంట డిక్టేషన్. ల్యాబ్ టెక్నీషియన్‌కి కొత్త మెషీన్ వచ్చిన రోజు కంపెనీ మనిషి చూపించేటప్పుడు పక్కన నిలబడటం. “నా డ్యూటీ కాదు కదా” అనుకుని ఆ రోజు సెలవు పెడితే, పాత మెషీన్‌తో పాటే మీరూ పాతబడతారు.

బరిడ్జ్ కథలో ఇంకో సగం ఉంది, దాన్ని దాటేయలేను. ఆట ఆగిపోయాక అతను తీవ్రమైన డిప్రెషన్‌లోకి వెళ్లాడు, ఆస్పత్రిలో చేరి చికిత్స తీసుకున్నాడు. ఆ సంగతి అతనే బయటకి చెప్పాడు. రోజూ పొద్దున్నే లేచి గ్లౌజులు తీసుకుని వెళ్లే మనిషికి, ఒక పొద్దున లేచేసరికి వెళ్లడానికి చోటు లేదు. ఇరవై ముప్పై ఏళ్లు ఒక్క పనినే ఒంటినిండా కట్టుకున్నవాళ్లకి రిటైర్మెంట్ ఎంత దెబ్బో మన ఇళ్లలో రిటైరైన నాన్నల్ని చూస్తే తెలుస్తుంది. అలాంటప్పుడు డాక్టర్ దగ్గరికి వెళ్లడం సిగ్గుపడాల్సిన పని కాదు. బరిడ్జ్ తేరుకుని ఒమన్ వెళ్లి గోల్‌కీపర్లకి కోచ్ అయ్యాడు. అక్కడ అలీ అల్ హబ్సీ అనే కుర్రాడిలో ప్రతిభ కనిపెట్టాడు. ఆ కుర్రాడు అప్పటికి అగ్నిమాపక ఉద్యోగి. నార్వే మీదుగా ఇంగ్లండ్ చేరి ప్రీమియర్ లీగ్‌లో ఆడిన మొదటి ఒమన్ దేశస్థుడయ్యాడు. ఇరవై తొమ్మిది క్లబ్బుల్లో నేర్చిన విద్య వృథా పోలేదు.

పని మానే రోజుకి ముందే రెండో పని చేతిలో ఉండాలి. ఇంగ్లండ్‌లో 1907లో పుట్టిన ఆటగాళ్ల సంఘం ఒకటి ఉంది, సభ్యుల చదువులకి సాయం చేస్తుంది. తెలివైన కీపర్లు ఆడుతూ ఉండగానే కోచింగ్ లైసెన్సు తెచ్చుకుంటారు. మనకి దూరవిద్య ఉంది, సాయంత్రం కోర్సులున్నాయి. వయసు ముప్పై ఐదు దాటాక మొదలుపెట్టొచ్చా అని అడుగుతారు. మొదలుపెట్టండి.

మూడోవాడు స్కాట్ కార్సన్. వర్కింగ్‌టన్ పక్కనే ఉన్న వైట్‌హేవెన్ వాడు. 2007 నవంబర్ 21, లండన్ వెంబ్లీ మైదానం, వాన. ఇంగ్లండ్ యూరో పోటీలకి అర్హత సంపాదించుకోవాల్సిన రాత్రి. పోటీ మ్యాచ్‌లో దేశానికి మొదటిసారి ఆడుతున్నాడు, వయసు 22. ఎనిమిదో నిమిషంలో క్రొయేషియా ఆటగాడు దూరం నుంచి కొట్టిన బంతి ముందు నేలకి తగిలి, అతని చేతుల మీంచి జారి లోపలికి వెళ్లిపోయింది. ఇంగ్లండ్ 3-2తో ఓడింది, అర్హత పోయింది. ఫార్వర్డ్ పది అవకాశాలు పాడుచేసి పదకొండోది కొడితే హీరో. కీపర్ పది ఆపి ఒకటి వదిలితే ఆ ఒక్కటే మిగులుతుంది. క్యాషియర్‌కీ, నర్సుకీ, లారీ డ్రైవర్‌కీ ఈ లెక్క బాగా తెలుసు.

కార్సన్ ఏం చేశాడంటే, ఆడుతూ పోయాడు. టర్కీ వెళ్లి బుర్సాస్పోర్‌కి ఆడాడు. తిరిగొచ్చి రెండో డివిజన్‌లో విగన్, ఆ తర్వాత డర్బీ. వారం వారం గోల్ ముందు నిలబడ్డాడు. 2019లో, 33 ఏళ్లు దాటాక, మాంచెస్టర్ సిటీకి మూడో కీపర్‌గా వెళ్లాడు. ఆరేళ్లలో ఆడింది రెండు మ్యాచ్‌లు. 2023లో ఆ క్లబ్బు యూరప్ క్లబ్బుల చాంపియన్స్ లీగ్ గెలిచినప్పుడు అతను ఆ బృందంలో ఉన్నాడు.

ఇక్కడ నా అభిప్రాయం గట్టిగానే చెబుతాను. ఇరవైల్లో పెద్ద సంస్థ బెంచీ మీద కూర్చోవద్దు. పెద్ద నగరంలో పేరున్న ఆస్పత్రిలో మూడో అసిస్టెంట్‌గా ఫైళ్లు మోయడం కంటే, మండల కేంద్రంలో కుర్చీ మీకే ఇచ్చే చిన్న ఆస్పత్రి మేలు. చేతికి పని దొరుకుతుంది, తప్పులు జరుగుతాయి, సరిదిద్దుకుంటారు. ఆ చేయి తిరిగినతనం తర్వాత ఎక్కడికైనా వెంట వస్తుంది. కార్సన్ ముప్పై నాలుగో ఏట ఎంచుకున్న బెంచీ వేరు. దాని వెనక వందల మ్యాచ్‌లున్నాయి. అతన్ని పెట్టుకున్నది ఆ అనుభవం కోసమే, పక్కన ఉంటే కుర్రాళ్లకి ధైర్యమని. ఆ వయసులో, పిల్లల చదువులు ఒక ఊళ్లో కుదిరాక, బెంచీ తప్పేమీ కాదు.

బెంచీ గురించి ఇంకో మాట. మ్యాచ్‌కి ముందు మొదటి కీపర్ చేతులు వేడెక్కించేవాళ్లలో రెండో కీపరూ ఉంటాడు. బంతులు కొట్టి, విసిరి, తన కుర్చీలో కూర్చున్నవాణ్ణి తనే సిద్ధం చేసి పంపుతాడు. ఇంగ్లండ్‌లో దీన్ని ‘గోల్‌కీపర్ల యూనియన్’ అని ముద్దుగా అంటారు. రిజిస్టరైన సంఘం కాదు, ఒకరి కష్టం ఒకరికి తెలియడం. మీ ముందున్న రెగ్యులర్ ఉద్యోగి మీద కడుపుమంట పెట్టుకోకండి. మీకు పని నేర్పగలిగేది ఆ మనిషే. రేపు ఇంకో ఊళ్లో ఖాళీ ఉందని మొదట విని మీ చెవిన వేసేదీ ఆ మనిషే.

మన దేశంలో ఒకప్పుడు ఆటగాళ్లకి ఈ ఏడాది కాంట్రాక్టుల బాధ అంతగా ఉండేది కాదు. సైన్యం, రైల్వే, పోలీసు జట్లు ఉద్యోగంతో పాటు ఆటనిచ్చాయి. హైదరాబాద్‌లో పుట్టిన పీటర్ తంగరాజ్ సైన్యంలో చేరి అక్కడే ఫార్వర్డ్ నుంచి గోల్‌కీపర్‌గా మారాడు, 1956 మెల్‌బోర్న్, 1960 రోమ్ ఒలింపిక్స్‌కి వెళ్లాడు. ఆ రోజుల్లో హైదరాబాద్ సిటీ పోలీసు జట్టు దేశమంతా పేరు మోసింది. స్పోర్ట్స్ కోటా ఇప్పటికీ ఉంది. మీ ఇంట్లో ఆడే పిల్లలుంటే జిల్లా, రాష్ట్ర స్థాయి సర్టిఫికెట్లు ఒక్కటీ పారేయొద్దు.

కాగితాల సంగతికి వచ్చాం కాబట్టి అది కూడా చెప్పేస్తాను. ఇంగ్లండ్ క్లబ్బులు ఎవర్ని ఉంచుకుంటున్నాయో, ఎవర్ని వదిలేస్తున్నాయో మే నెలలో జాబితా ప్రకటిస్తాయి. కాంట్రాక్టులు సాధారణంగా జూన్ 30తో ముగుస్తాయి. తెలివైనవాడు మే దాకా ఆగడు. కాంట్రాక్టు చివరి ఆరు నెలల్లోకి రాగానే విదేశీ క్లబ్బులతో మాట్లాడుకునే హక్కు ఉంటుంది, జనవరిలోనే ఫోన్లు మొదలవుతాయి. మీ కాంట్రాక్టు మార్చి 31న ముగుస్తుంటే అక్టోబరులోనే ఇంకో నాలుగు చోట్ల తెలియజేయండి. ఇది ద్రోహం కాదు. సంస్థకి మీరు అక్కర్లేని రోజున అది మీకు ఆరు నెలల ముందు చెప్పదు.

చోటు మారిన ప్రతిసారీ రిలీవింగ్ లెటర్, సర్వీస్ సర్టిఫికెట్ తీసుకునే గేటు దాటండి. తర్వాత ఇస్తామన్న కాగితం కోసం పాత ఆఫీసు చుట్టూ తిరిగే బాధ నాకు తెలుసు. ఎన్ని ఉద్యోగాలు మారినా పీఎఫ్‌కి యూఏఎన్ నంబరు ఒక్కటే ఉండాలి. కొత్త చోట రెండో నంబరు తెరవనివ్వకండి. మీ జీతంలో కోసిన డబ్బు ఖాతాలో పడుతోందో లేదో పాస్‌బుక్ తెరిచి నెలనెలా చూసుకోండి. అవుట్‌సోర్సింగ్ ఏజెన్సీ మారిన నెల అయితే మరీ జాగ్రత్త.

ఇవన్నీ ఈ వారంలో చేయలేకపోయినా ఒక్కటి చేయండి. బీరువాలోంచి మీ కాంట్రాక్టు కాగితం తీసి ఆఖరి తేదీ ఏమిటో చూడండి. అందులోంచి ఆరు నెలలు వెనక్కి లెక్కపెట్టి, ఆ రోజుని గోడ మీది క్యాలెండర్లో ఎర్ర పెన్నుతో గుర్తు పెట్టండి.