డ్రైవింగ్ లైసెన్సు మీద విదేశాంగ మంత్రి పేరా?

మా పెద్దమ్మ కూతురు షికాగోలో ఉంటుంది. పోయిన వేసవిలో డ్రైవింగ్ టెస్టు పాసై, లైసెన్సు ఫొటో మా ఫ్యామిలీ గ్రూపులో పెట్టింది. నంబరూ అడ్రసూ కనపడకుండా కప్పేసింది గానీ, కార్డు పైభాగంలో ఒక పేరు, దాని పక్కనే 'సెక్రటరీ ఆఫ్ స్టేట్' అన్న మాట స్పష్టంగా కనిపిస్తున్నాయి. మా బాబాయి వెంటనే అడిగాడు: "ఏమ్మా, అమెరికా విదేశాంగ మంత్రిని సెక్రటరీ ఆఫ్ స్టేట్ అంటారు కదా, ఆయనే కూర్చుని లైసెన్సులు కూడా ఇస్తున్నాడా?" గ్రూపంతా నవ్వుల ఎమోజీలే. నేనూ నవ్వాను. తర్వాత చూస్తే, సరైన జవాబు నాకూ తెలీదని అర్థమైంది. అలా మొదలైన చదువే ఈ వ్యాసం.

వాషింగ్టన్‌లో ఉండే సెక్రటరీ ఆఫ్ స్టేట్ వేరు, రాష్ట్రాల్లో ఉండేవాళ్ళు వేరు. పేరొక్కటే. 50 రాష్ట్రాల్లో 47 చోట్ల ఈ పదవి ఉంది. అలాస్కా, హవాయి, యూటా రాష్ట్రాల్లో మాత్రం ఆ పనులు లెఫ్టినెంట్ గవర్నరు చూస్తారు. ఇక్కడ సెక్రటరీ అంటే మన సచివాలయంలో ఉండే ఐఏఎస్ అధికారిని ఊహించుకోవద్దు. రాజ్యం రాతకోతలు, రాజముద్ర ఎవరి దగ్గర భద్రంగా ఉంటాయో ఆ మనిషి అన్నమాట. మా తాతయ్యకి ఇదంతా చెబితే ఆయన ఒక్క ముక్కలో తేల్చేశాడు: "అంటే రాష్ట్రానికి కరణం." 1984లో మన దగ్గర కరణాల వ్యవస్థ రద్దయ్యేదాకా ఊరి పొలాల లెక్కలన్నీ కరణంగారి పుస్తకాల్లోనే ఉండేవి. ఆయన ఏం రాస్తే అదే హద్దు. ఈ పోలిక ఎంత బాగా కుదిరిందో ముందు ముందు మీకే తెలుస్తుంది.

పనులు రాష్ట్రానికో రకం. కంపెనీ పెట్టాలంటే చాలా రాష్ట్రాల్లో ఈ ఆఫీసులోనే రిజిస్టర్ చేయించాలి. మన దగ్గర అది కేంద్రం కింద ఉండే రిజిస్ట్రార్ ఆఫ్ కంపెనీస్ పని. అక్కడ పుట్టిన పిల్లల బర్త్ సర్టిఫికెట్ ఇండియాలో చెల్లాలంటే అపోస్టిల్ ముద్ర కావాలి కదా, ఆ ముద్ర వేసేదీ సాధారణంగా వీళ్ళే. జార్జియాలో నర్సుల దగ్గర్నుంచి బ్యూటీషియన్ల దాకా లైసెన్సులు ఈ ఆఫీసు నుంచే వస్తాయి. ఒరెగాన్‌లో లెఫ్టినెంట్ గవర్నరు పదవే లేదు కాబట్టి, గవర్నరు దిగిపోతే సెక్రటరీ ఆఫ్ స్టేట్ ఆ కుర్చీ ఎక్కుతారు. 2015లో కేట్ బ్రౌన్ అలాగే గవర్నరయ్యారు.

మా అక్క ఉండే ఇల్లినాయ్‌లో బండ్లూ లైసెన్సులూ వీళ్ళవే. అంతేకాదు, సెక్రటరీ ఆఫ్ స్టేటే రాష్ట్ర గ్రంథాలయాధిపతి కూడా! సాహితీ క్లబ్బు పత్రికలో ఇది చెప్పకుండా ఎలా వదిలేస్తాం? నచ్చని పుస్తకాలను అరల్లోంచి తీసేసే లైబ్రరీలకు రాష్ట్ర నిధులు రాకుండా 2023లో అక్కడ ఒక చట్టం తెచ్చారు. దానికి పూనుకున్నది ఈ ఆఫీసే.

అదే ఆఫీసుకి ఒక చీకటి కథ కూడా ఉంది. 1990లలో అక్కడి సిబ్బంది కొందరు లంచం తీసుకుని లారీ డ్రైవర్లకి లైసెన్సులు ఇచ్చారు. ఆ డబ్బులో కొంత పై అధికారి ఎన్నికల నిధికి చేరేది. 1994లో అలా లైసెన్సు పొందిన ఒక డ్రైవరు లారీ నుంచి ఊడిపడ్డ ఇనుప భాగం వెనకాల వస్తున్న వ్యాను కింద పడి మంటలు లేచాయి. ఒకే ఇంటి పిల్లలు ఆరుగురు చనిపోయారు. అప్పటి సెక్రటరీ ఆఫ్ స్టేట్ జార్జ్ రయన్ ఆ తర్వాత గవర్నరు కూడా అయ్యాడు. చివరికి 2006లో అవినీతి కేసుల్లో దోషిగా తేలాడు. "లైసెన్సే కదా, ఎవరో ఒకరికి చెప్పి పట్టుకొచ్చేద్దాం" అని మన హాస్టల్లో కూడా అనేవాళ్ళున్నారు. పేర్లు చెప్పను.

ఇప్పుడు అసలు విషయం, ఎన్నికలు. ఇల్లినాయ్‌లో వాటికి వేరే బోర్డు ఉంది గానీ, చాలా రాష్ట్రాల్లో ఎన్నికల ప్రధాన అధికారి సెక్రటరీ ఆఫ్ స్టేటే. ఓట్లు లెక్కపెట్టేది కౌంటీలు, అంటే మన జిల్లాల్లాంటివి. వాటన్నిటినీ కూడి, "ఇదీ ఫలితం" అని సంతకం పెట్టేది ఈయన. మన బుర్రకి ఎక్కనిది ఏంటంటే, ఎక్కువ రాష్ట్రాల్లో ఈయన కూడా పార్టీ టికెట్టు మీద పోటీ చేసి గెలిచినవాడే. మ్యాచి ఆడే జట్లలోంచే ఒకణ్ణి పిలిచి అంపైర్ టోపీ పెట్టినట్టు.

2000లో ఫ్లోరిడాలో బుష్, గోర్ మధ్య తేడా 537 ఓట్లు. అధ్యక్ష పదవి ఆ ఓట్ల మీదే ఆగింది. బుష్ గెలిచాడని సంతకం పెట్టిన కేథరిన్ హారిస్, ఆ రాష్ట్రంలో బుష్ ప్రచార కమిటీకి కో-చైర్ కూడా. 2018లో జార్జియా సెక్రటరీ ఆఫ్ స్టేట్ బ్రయన్ కెంప్ ఆ కుర్చీలో ఉంటూనే గవర్నరుగా పోటీ చేశాడు, గెలిచాడు. పోలింగ్ అయిన రెండు రోజులకి గానీ రాజీనామా చేయలేదు. ఇదంతా ఒక్క పార్టీ అలవాటు అనుకోకండి. 2022లో అరిజోనాలో డెమొక్రాట్ కేటీ హాబ్స్ కూడా అదే కుర్చీలో కూర్చుని, సుమారు 17 వేల ఓట్ల తేడాతో గవర్నరుగా గెలిచారు. వీళ్ళు తప్పు చేశారని నేననను. వాళ్ళ చట్టం ఒప్పుకుంది. కానీ ఓడినవాడికి నమ్మకం ఎలా కలుగుతుంది?

దీనికి జవాబు 2020లో అదే జార్జియాలో దొరికిందని నాకనిపిస్తుంది. కెంప్ తర్వాత ఆ పదవిలోకి వచ్చిన బ్రాడ్ రాఫెన్స్‌పర్గర్ మన జాతివాడే, సివిల్ ఇంజినీరు! రిపబ్లికన్. 2019 దాకా జార్జియా ఓటింగ్ మిషన్లలో కాగితమే ఉండేది కాదు. మిషను చెప్పిన అంకె నమ్మడం తప్ప, మళ్ళీ లెక్కపెట్టడానికి ఏమీ ఉండదు. కోర్టు కూడా వాటిని ఆపేయమంది. 2020కి కొత్త పద్ధతి వచ్చింది. తెర మీద మీట నొక్కితే ఓటు కాగితం మీద ప్రింటై వస్తుంది, ఓటరు దాన్ని చదువుకుని స్కానర్లో వేస్తాడు. మన వీవీప్యాట్ చీటీకి చుట్టమే అనుకోండి, కాకపోతే అక్కడ లెక్కపెట్టేది ఆ కాగితాన్నే.

సుమారు 50 లక్షల ఓట్లు పడ్డాయి. 159 కౌంటీల్లో ఆ కాగితాలన్నీ చేత్తో మళ్ళీ లెక్కపెట్టారు. లెక్కలో చేర్చడం మరిచిపోయిన ఓట్లు కొన్ని కౌంటీల్లో బయటపడ్డాయి కూడా. వాటినీ కలిపారు. ఓడిన పక్షం అడిగితే మిషన్ల మీద మూడోసారి లెక్కపెట్టారు. తేడా 11,779 దగ్గర తేలింది, గెలిచింది బైడెన్. 2021 జనవరి 2న ట్రంప్ ఫోన్ చేసి, తనకి 11,780 ఓట్లు వెతికి పెట్టమని దాదాపు గంటసేపు అడిగాడు. అంటే తేడా కంటే ఒక్కటి ఎక్కువ! రాఫెన్స్‌పర్గర్ తాను కూడా ట్రంప్‌కే ఓటేశాడు. అయినా మీ దగ్గరున్న లెక్క తప్పు అని చెప్పి ఊరుకున్నాడు. ఆ ఫోను రికార్డింగు మర్నాడే పేపర్లలోకి వచ్చింది. తర్వాత బెదిరింపులు అతని భార్య ఫోనుకి కూడా వచ్చాయి. 2021లో రాష్ట్ర శాసనసభ ఎన్నికల బోర్డు అధ్యక్ష పదవి నుంచి సెక్రటరీ ఆఫ్ స్టేట్‌ని తప్పించింది. 2022లో జనం మాత్రం మళ్ళీ అతన్నే గెలిపించారు.

అతని ధైర్యాన్ని తక్కువ చేయడం లేదు. కానీ ఆ కాగితాలు లేకపోతే? "నా లెక్క ఇది" అని అతను, "కాదు" అని వాళ్ళు. అంతే. కరణం మంచివాడైతే సరిపోదు, పుస్తకం తెరిచి చూపించగలగాలి.

మన దగ్గర ఈ ఒక్క కుర్చీ పనిని ముక్కలు చేసి పంచారు. లైసెన్సులు ఆర్టీఏకి, అపోస్టిల్ విదేశాంగ శాఖకి, ఎన్నికలు 324వ అధికరణం కింద ఎన్నికల సంఘానికి. ప్రధాన కమిషనర్ని తీసేయాలంటే సుప్రీంకోర్టు జడ్జిని తీసేసినంత తతంగం ఉంటుంది. 1990లో కొద్దిరోజులు ఆ కుర్చీలో కూర్చున్న మొదటి మహిళ వి.ఎస్. రమాదేవి మన తెలుగావిడే. అయితే ఆ కమిషనర్ని మనం ఓటేసి ఎన్నుకోం, నచ్చకపోతే దింపలేం కూడా. అమెరికావాళ్ళకి ఇది వింతగా అనిపిస్తుందట.

ఇదంతా టైపు చేసి గ్రూపులో పెట్టాను. బాబాయి బొటనవేలు ఎమోజీ ఒకటి పెట్టాడు. అక్క మాత్రం, "అయితే బాబు బర్త్ సర్టిఫికెట్ అపోస్టిల్‌కి కూడా ఇదే ఆఫీసుకి పంపాలా?" అని అడిగింది. అవును అక్కా, అదే ఆఫీసు.