ఎదుటి మొహంలో మనం

పొద్దున బయటికి వెళ్లేముందు అద్దం ముందు ఎంతసేపు నిలబడతారో ఒకసారి లెక్క వేసుకోండి. తల దువ్వుకోవాలి, కాలర్ సర్దుకోవాలి, మీసంలో తెల్లవెంట్రుక కనబడితే దాని సంగతి చూడాలి. పది నిమిషాలకు తక్కువ కాదు. మరి నిన్న సాయంత్రం ఇంట్లో ఎవరితో ఏ గొంతుతో మాట్లాడారో చూసుకోవడానికి ఎంతసేపు పెట్టారు? కోపం తెచ్చుకోకండి. యాభై దాటాక ఈ ప్రశ్న ముందు నాకు నేనే వేసుకున్నాను.

మొహం మీది మచ్చ చూసుకోవడం గొప్పేమీ కాదు. 1970లో గోర్డన్ గాలప్ అనే అమెరికా శాస్త్రవేత్త, మత్తులో ఉన్న చింపాంజీల కనుబొమ్మ మీద ఎర్రరంగు పూసి, తెలివి వచ్చాక అద్దం పెట్టాడు. అవి అద్దాన్ని కాదు, తమ నుదుటినే తడుముకున్నాయి. మన పిల్లలు ఏడాదిన్నర, రెండేళ్లకల్లా ఆపాటి నేర్చుకుంటారు. ఆ తర్వాత మనం ఏం నేర్చుకున్నాం?

ఈ విషయంలో నన్ను కుదిపినవాడు జిడ్డు కృష్ణమూర్తి. 1895లో మదనపల్లెలో పుట్టాడు. బడిలో చదువు రాక దెబ్బలు తిన్న పిల్లవాడు 1909లో అడయారులో దివ్యజ్ఞాన సమాజం పెద్దల కంటబడ్డాడు. కాబోయే జగద్గురువు ఇతడేనన్నారు. ఆయన కోసం ఒక సంఘం పెట్టారు, వేలమందిని చేర్చారు. ఆయన 1929 ఆగస్టు 3న హాలండ్‌లోని ఓమెన్‌లో సభ్యుల ముందు నిలబడి ఆ సంఘాన్ని తానే రద్దు చేశాడు. అందరూ కలిసి తనకు గీసిపెట్టిన అంత పెద్ద బొమ్మను తన మొహం అనుకోలేదు. ఆయనలో నాకు అన్నిటికంటే పెద్దగా కనిపించేది అదే.

తర్వాత 1986లో పోయేదాకా ఊరూరా తిరిగి చెప్పినవాటిలో ఒకటి: నిన్ను నువ్వు చూసుకోవడానికి ఒంటరిగా కూర్చోనక్కర్లేదు, పక్క మనిషితో నీకున్న సంబంధమే అద్దం. కాకపోతే కనబడినదాన్ని అప్పటికప్పుడు మెచ్చుకోవద్దు, తిట్టుకోవద్దు, ఊరికే చూడాలి.

ఇది నేను ముప్పై ఏళ్ల కిందే చదివాను. పెన్సిలుతో గీతలు కొట్టుకున్నాను. కాలేజీలో పిల్లలకు చెప్పి చప్పట్లు కొట్టించుకున్నాను. అదే సాయంత్రం కరీంనగర్‌లో మా ఇంటికి వచ్చి అరిచేవాణ్ణి. చదివింది నోటికి వస్తే ఒంటబట్టినట్టే అనుకున్న మనిషిని నేను. మీరూ అలాగే అనుకుంటున్నారేమో చూసుకోండి.

చివరికి నన్ను కాస్త మార్చింది ఒక నోటుబుక్కు. నూరు పేజీల, గీతల నోటుబుక్కు. రాత్రి పడుకునేముందు పది నిమిషాలు. ఆ రోజు మాట్లాడినవాళ్లలో ఒక్కరిని తలచుకుని మూడే విషయాలు రాయాలి: ఎవరు, నేను అన్న మాట ఉన్నదున్నట్టు, ఆ మాట పడగానే వాళ్ల మొహంలో ఏం జరిగింది. "బాధపడ్డాడు" అని రాయకూడదు, అది మన ఊహ. "కళ్లు దించుకున్నాడు", "చేతిలో కాగితం మడిచాడు" అని రాయాలి. ఇంకో గట్టి నియమం ఉంది. "ఎందుకంటే" అన్న మాట ఆ పుస్తకంలో రాకూడదు. ఆ మాట వచ్చిందా, అద్దం పోయి వకీలు వచ్చినట్టే.

మొదటి వారం నాకు పేజీ నిండలేదు. రాయడానికి కూర్చుంటే ఒక్క మొహమూ గుర్తురాదు! రోజంతా మాట్లాడి ఎవరినీ చూడలేదన్నమాట. మీకూ అలాగే అవుతుంది, భయపడకండి. పేరు రాసి, "చూడలేదు" అని రాసి పడుకోండి. అదీ నిజమే కదా. రెండో వారానికి కళ్లు వాటంతటవే ఎదుటివాళ్ల మీదికి వెళ్తాయి.

పదకొండో రాత్రి మా అవ్వ గురించి రాశాను. ఆమెకు చెవులు సరిగా వినబడవు. ఏదైనా చెబితే "ఏమన్నవ్ బిడ్డా?" అని మళ్లీ అడుగుతుంది. "ఎన్నిసార్లు చెప్పాలె?" అన్నాను ఆ రోజు. మూడో విషయం దగ్గర చెయ్యి ఆగింది. అవ్వ తలూపింది. వినబడలేదు, అయినా తలూపింది. మళ్లీ అడగకుండా ఉండటం ఆమె ఎప్పటినుంచో నేర్చుకుంది. ఇంట్లో నేను చెప్పినవాటిలో ఎన్ని ఆమెకు వినబడకుండానే పోయాయో! ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

కృష్ణమూర్తి ఏ పద్ధతినీ ఒప్పుకునేవాడు కాదు. ఈ పుస్తకం నాది, తప్పుంటే నాదే. కానీ నాలాంటి మొద్దు కళ్లకు చేతికర్ర కావలసి వచ్చింది.

పక్క మనిషే అద్దమన్న మాట నాకు కళ్లకు కట్టినట్టు కనబడింది ఒక ఆటలో. దీపావళి ముందు దండారీ పండుగ రోజుల్లో ఆదిలాబాద్ గోండు గూడేలకు వెళ్తే గుస్సాడీ ఆటగాళ్లను చూడండి. మార్లవాయి కనకరాజు గారికి 2021లో పద్మశ్రీ తెచ్చిన ఆట అది. నెమలీకల టోపీకి చిన్నచిన్న అద్దాలు కుట్టి ఉంటాయి. ఒకసారి ఆట చూస్తూ ముందు వరసలో నిలబడ్డాను. వాళ్లు తిరుగుతుంటే ఆ అద్దాల్లో నా చొక్కా, నా గడ్డం ముక్కలుగా మెరిశాయి. పెట్టుకున్న మనిషికి తన అద్దం కనబడదు, అందులో నేనే కనబడుతున్నాను. నా అద్దాలన్నీ ఇతరుల తల మీదే ఉన్నాయని అక్కడ తోచింది.

మిగతావి మీకు తెలిసినవే: వేళకు నిద్రపోండి, అన్నం దగ్గర ఫోను పక్కన పెట్టండి, మానేరు కట్ట మీద నాలుగడుగులు వేయండి, తప్పయితే ఆ పూటే ఒప్పుకోండి. అన్నీ మంచివే. కానీ అవన్నీ చేస్తూ కూడా నేను అవ్వను చూడలేదు. అందుకే ఈ పుస్తకం గురించి ఇంత పట్టుబట్టి చెబుతున్నాను. నోటుబుక్కు ఇవాళే కొనండి. రేపు అనకండి. నాలుగు రోజులు రాసి మానేసినా సరే, అయిదో రోజు మళ్లీ తీయండి. నేను ఎన్నోసార్లు మానేసి మళ్లీ తీశాను.

నిన్నటి పేజీలో ఇలా ఉంది: అవ్వ. కరెంటు బిల్లు కట్టిన అని చెప్పిన. ఏమన్నవ్ అన్నది. కుర్చీ దగ్గరికి జరుపుకొని మళ్లీ చెప్పిన. నా మొహం దిక్కు చూసి, మూడోసారి కూడా అడిగింది.